కొరవి నుంచి పాలంపేట దాకా: గుడి, చెరువు, ఊరు

మన బడి స్వర్ణోత్సవ సంచికకు ఏదైనా చరిత్ర వ్యాసం రాయమని సంఘం మిత్రులు అడిగినప్పుడు ముందు నవ్వొచ్చింది. పదో తరగతిలో సాంఘిక శాస్త్రంలో నా మార్కులు గుర్తున్నవాళ్లెవరూ నన్ను ఆ పని అడగరు. అయినా ఒప్పుకున్నాను. దానికి కారణం, పరాయి దేశంలో ఒక కుర్రవాడి ముందు నేను తలదించుకోవాల్సి రావడం.

2018 డిసెంబరులో మేం కుటుంబంతో కంబోడియా వెళ్లాం. మూడు రోజుల యాత్ర. రెండు రోజులు అంగ్కోర్ గుళ్లు, మూడో రోజు చుట్టుపక్కల ఊళ్లు. మమ్మల్ని తిప్పిన గైడు పాతికేళ్ల కుర్రవాడు. ఆ పక్క ఊరివాడే. అంగ్కోర్ వాట్ దగ్గర రెండో సూర్యవర్మ గురించీ, అక్కడి గోడల మీద చెక్కిన క్షీరసాగర మథనం గురించీ చెప్పాడు. అవి చాలామంది చెప్పగలిగేవే. మూడో రోజు తన ఊరివైపు తీసుకెళ్లాడు. దారి పొడుగునా తాటిచెట్లు. ఇళ్ల ముందు పెద్ద మూకుళ్లలో తాటిబెల్లం కాగుతోంది. చూస్తుంటే మన వైపు ఏదో ఊళ్లో ఉన్నట్టే అనిపించింది. ఊరిని వాళ్లు 'ఫూమ్' అంటారట, అది మన 'భూమి' మాటే. 'అంగ్కోర్' కూడా 'నగరం' అన్న మాట నుంచి వచ్చిందే. వాళ్ల లిపి మూలాలు పల్లవుల లిపిలో ఉన్నాయి.

ఇవన్నీ చెప్పి, ఆ కుర్రవాడు నన్ను అడిగాడు: "మా దేవుళ్లు, మా అక్షరాలు మీ వైపు నుంచే వచ్చాయంటారు కదా. మీ ఊరి పాత గుడి ఏది?"

వెయ్యిస్తంభాల గుడి అన్నాను. 1163లో రుద్రదేవుడు కట్టించాడని సంవత్సరంతో సహా చెప్పాను. "అది మీ ఊళ్లో ఉందా?" అన్నాడు. లేదు, డెబ్బై కిలోమీటర్ల పైమాటే అన్నాను. "మరి మీ ఊరి దగ్గర?" అన్నాడు. నా దగ్గర జవాబు లేదు.

తిరిగి వచ్చాక ఆ జవాబు వెతకడం మొదలుపెట్టాను. సెలవులకు ఊరొచ్చినప్పుడల్లా ఒక్కో దారి పట్టాను. ఉత్సవాలకు దూరాల నుంచి వస్తున్న మిత్రులకు రెండు రోజుల తీరిక ఉంటే, నేను తిరిగిన ఆ దారిలో మిమ్మల్నీ తిప్పాలని ఈ వ్యాసం.

మొదటి మజిలీ: కొరవి

మరిపెడ బంగ్లా నుంచి మానుకోట వైపు బయలుదేరితే గంటలోపే కురవి. చిన్నప్పుడు శివరాత్రికి వీరభద్రస్వామి జాతరకు పోనివాళ్లు మనలో ఎవరున్నారు? మా నాయనమ్మ నన్ను ఎడ్లబండి మీద తీసుకుపోయేది. నాకు గుర్తున్నది పేలాలు, బొమ్మలు, జనం. అక్కడ రాయి మీద అక్షరాలున్నాయని ఎవరూ చెప్పలేదు.

కురవికి పాత పేరు కొరవి. ఇది ముదిగొండ చాళుక్యుల ఊరు. వేంగిని చాళుక్య భీముడు ఏలిన కాలంలో, అంటే దాదాపు 1100 ఏళ్ల కిందట, ఇక్కడ వేయించిన శాసనం తెలుగు వచనంలో ఉంది. నన్నయ భారతానికి అది నూరేళ్లకు పైగా ముందుది. తెలుగు వచనం పుట్టుక గురించి రాసే పండితులు కొరవి శాసనాన్ని వదిలిపెట్టరు. సరిగ్గా ఆ రోజుల్లోనే అక్కడ యశోవర్మ అనే రాజు అంగ్కోర్ ప్రాంతంలో యశోధరపురం కట్టి, దాని పక్కన పెద్ద చెరువు తవ్వించాడు.

కొరవి పేరు కాకతీయుల తొలి కథలోనూ వస్తుంది. జనగామ వైపు గూడూరులో దొరికిన శాసనం విరియాల వంశం గురించి చెబుతుంది. ఆ వంశపు ఎర్రన కొరవిలో ఒక రాజును నిలబెట్టాడు. అతని భార్య కామసాని, దిక్కులేని గరుడ బేతను చక్రవర్తి దగ్గరికి తీసుకుపోయి అనుమకొండను ఇప్పించింది. కాకతీయ రాజ్యానికి అసలు పునాది అదే. రుద్రమదేవి కంటే చాలా ముందే ఆ రాజ్యం నిలబడడానికి ఒక ఆడమనిషి చేయి ఆసరా అయింది. పరీక్షలో ఈ ప్రశ్న మనకు ఎన్నడూ రాలేదు.

రెండో మజిలీ: బయ్యారం

మానుకోట దాటి ఇంకొంచెం పోతే బయ్యారం. ఈ పేరు వినగానే అందరికీ ఇనుప ఖనిజం గుర్తొస్తుంది. నేను చూపించేది అక్కడి పెద్ద చెరువు.

దీన్ని తవ్వించింది మైలాంబ. కాకతి గణపతిదేవుని చెల్లెలు, నతవాడి రుద్రుని భార్య. తల్లి బయ్యాంబ పేరు మీద ఊరు, ఆ ఊరికి చెరువు. చెరువుకు ధర్మకీర్తి సముద్రం అని పేరు పెట్టింది. 13వ శతాబ్దం తొలినాళ్లలో ఆమె వేయించిన శాసనం కాకతీయుల వంశాన్ని మొదటినుంచి వరుసగా చెబుతుంది. అంతకుముందు చరిత్రకారులకు తెలియని తొలి తరాల పేర్లు ఈ రాతి మీదే దొరికాయి. దాన్ని చదివి లోకానికి చెప్పినవారు శాసన పరిశోధకులు పి.వి. పరబ్రహ్మశాస్త్రి.

ఇక్కడ నాకు మళ్లీ అంగ్కోర్ గుర్తొచ్చింది. చెట్ల వేళ్లు గోడలను చుట్టేసిన తా ప్రోమ్ గుడి ఫొటో మీరు చూసే ఉంటారు. ఏడవ జయవర్మ 1186లో దాన్ని తన తల్లి పేరు మీద ప్రతిష్ఠించాడు. అక్కడి శాసనం లెక్క ప్రకారం ఆ గుడిని పోషించడానికి 3,140 ఊళ్లు, 79,365 మంది మనుషులు. తల్లి మీద ప్రేమతో రాజు కట్టిన గుడిని అన్ని ఊళ్లు మోశాయి. అదే ప్రేమతో మైలాంబ తవ్వించిన చెరువు ఊళ్లను మోసింది, ఇవాళ్టికీ మోస్తోంది. ఈ రెంటిలో ఏది గొప్పదని నేను తీర్పు చెప్పను. అదే జయవర్మ రాజ్యంలో 102 ఆరోగ్యశాలలు ఉండేవని అదే శాసనం చెబుతోంది. మన రుద్రమదేవి కాలంలో 1261 నాటి మల్కాపురం శాసనంలోనూ ప్రసూతిశాల, ఆరోగ్యశాల ఉన్నాయి. ఇద్దరికీ మంచి మనసు ఉంది. కాని తా ప్రోమ్ చూడడానికి టికెట్ కొనాలి, బయ్యారం చెరువు నీళ్లకు వరి నాటుకోవచ్చు.

కట్ట మీద ఒక పెద్దాయన కనిపించాడు. ఈ చెరువు ఎవరు తవ్వించారో తెలుసా అని అడిగాను. "ఎవరు తవ్విచ్చిండ్రో నాకెర్క లేదు సారూ. మత్తడి ఎప్పుడు దుంకుతదో, ఏ తూము ఎప్పుడు తెరవాల్నో అడుగుండ్రి, చెప్త" అన్నాడు. నాకు తెలిసిన చరిత్ర ఆయనకు తెలియదు, ఆయనకు తెలిసిన చరిత్ర నాకు తెలియదు. నేను నేర్చుకోవాల్సింది ఆయన దగ్గరుందని నాకు ఇరవై ఏళ్ల వయసులో తెలిసి ఉంటే బాగుండేది.

ఎందుకంటే, ఉద్యోగంలో చేరిన కొత్తలో వేరే జిల్లాలో ఒక రోడ్డు పనిలో కల్వర్టు లెక్క నేనే కట్టాను. పటం మీద వాగు సన్నగా ఉంది, ఆ లెక్కే వేశాను. పైనున్న పాత చెరువు మత్తడి నీళ్లు కూడా ఇటే వస్తాయని ఆ ఊరి నీరటి చెప్పాడు. ఆ చెరువు ఎండిపోయి పదేళ్లైందని కొట్టిపారేశాను. రెండో వానకాలానికి చెరువు నిండింది, రోడ్డు కొట్టుకుపోయింది. ప్రాణనష్టం జరగకపోవడం నా అదృష్టం. ఆ నీరటి ముఖం ఇప్పటికీ మరిచిపోలేదు.

మూడో మజిలీ: పాకాల

రెండో రోజు పొద్దున్నే నర్సంపేట మీదుగా పాకాల. గణపతిదేవుని కాలంలో జగదల ముమ్మడి కట్టించిన చెరువు ఇది. కొండల మధ్య సందును చూసి, అక్కడ కట్ట వేసి, వాగును ఆపారు. ఎక్కువ నీటికి తక్కువ కట్ట. ఇవాళ కంప్యూటర్ ముందు కూర్చున్నా ఆనకట్టకు అలాంటి చోటే వెతుకుతాం.

కాకతీయుల చెరువులు చాలా వరకు గొలుసుకట్టుగా ఉంటాయి. పై చెరువు మత్తడి దుంకితే ఆ నీరు కింది చెరువుకు చేరుతుంది. చెరువు కట్టినవారికీ, బాగు చేసేవారికీ దశబంధం కింద ఆయకట్టులో భాగం దక్కేది. కట్ట పదిలంగా ఉంటేనే వాళ్ల భాగమూ పదిలం. రాజు దూరంగా ఉన్నా, అసలు లేకపోయినా, ఊళ్లో ఆ పని చేసే మనిషి ఉంటాడు.

అంగ్కోర్‌లో చెరువులు మరీ పెద్దవి. పడమటి బరాయ్ పొడవు దాదాపు 8 కిలోమీటర్లు, వెడల్పు 2 కిలోమీటర్ల పైన. వాటిని కలుపుతూ మైళ్ల పొడవున కాలువలు. 14, 15వ శతాబ్దాల్లో అక్కడ ఏళ్ల తరబడి కరువులు, మధ్యలో విపరీతమైన వానలు వచ్చాయని చెట్ల వలయాలను చదివిన శాస్త్రవేత్తలు తేల్చారు. కాలువలు కోసుకుపోయాయి, పూడిపోయాయి. యుద్ధాలతో పాటు ఇదీ ఆ మహానగరం ఖాళీ కావడానికి ఒక కారణం. ఇక్కడ ఓరుగల్లు 1323లో ఢిల్లీ సైన్యాలకు లొంగిపోయింది. రాజ్యం పోయింది గాని, పాకాల నిండుతూనే ఉంది. అందుకు కారణం రాజుల గొప్పతనం ఒక్కటే కాదు, ఏటా కట్ట మీద మట్టి పోసిన ఊళ్లవాళ్ల కష్టం కూడా అని ఇంజనీరుగా నా నమ్మకం.

చివరి మజిలీ: పాలంపేట

అక్కడి నుంచి ములుగు మీదుగా పాలంపేట. గణపతిదేవుని సేనాని రేచర్ల రుద్రుడు 1213లో రుద్రేశ్వరుణ్ణి ప్రతిష్ఠించాడు. అంగ్కోర్‌లో అప్పటికి ఏడవ జయవర్మ ఇంకా రాజ్యం చేస్తున్నాడు. మనం రామప్ప గుడి అంటాం. కట్టించినవాడి పేరు కాకుండా శిల్పి పేరు నిలిచిందని జనం చెప్పుకుంటారు. 2021 జూలై 25న దీనికి ప్రపంచ వారసత్వ గుర్తింపు వచ్చింది.

నాగినుల అందం, నాట్య భంగిమల సొగసు గురించి నాకన్నా బాగా చెప్పేవాళ్లున్నారు. నేను కింద, పైన చూపిస్తాను. కింద, పునాది గుంటలో ఇసుక నింపి దాని మీద రాళ్లు పేర్చారు. బరువు ఒకేచోట పడకుండా ఇసుక పంచుతుంది. అంగ్కోర్ వాట్ కూడా ఇసుక మెత్త మీదే నిలిచింది. ఒకరినొకరు చూడని మేస్త్రీలు ఒకే జవాబుకు వచ్చారు. పైన మాత్రం దారులు వేరయ్యాయి. ఖ్మేర్ శిల్పులు గోపురాన్నీ ఇసుకరాతితోనే కట్టారు. రామప్ప శిఖరానికి నీళ్లలో తేలేంత తేలికైన ఇటుకలు వాడారు, కింది స్తంభాల మీద, దూలాల మీద బరువు తగ్గించడానికి. ఇటుక తేలడం మహిమ అనుకుంటారు గాని, బరువు తగ్గాలన్న లెక్క అందులో ఉంది.

గుడి చూశాక చాలామంది కారెక్కి వెళ్లిపోతారు. మీరు మాత్రం రామప్ప చెరువు కట్ట దాకా రండి. గుడి, చెరువు ఒకే కాలంలో ఒకే చేతులతో పుట్టాయి. చెరువు కింద పండిన గింజలే గుడిలో దీపం పెట్టాయి.

మన ఊరి మాట

2024 సెప్టెంబరు 1న మన ఆకేరు పొంగింది. పురుషోత్తమాయగూడెం దగ్గర వంతెన దెబ్బతిని ఖమ్మం రోడ్డు తెగిపోయింది. సీతారాం తండా నీట మునిగింది. జిల్లాలో ఎన్నో చెరువులకు గండ్లు పడ్డాయి. ఆ వారం ఫోన్లలో మన బ్యాచ్ మిత్రులందరం బియ్యం, దుప్పట్లు పంపడం గురించే మాట్లాడుకున్నాం. నాకు మాత్రం అంగ్కోర్ కాలువలు కళ్లముందు మెదిలాయి. అంతటి వానకు ఎవరూ జవాబుదారీ కాదు. కాని శిఖం భూములు కబ్జా అయితే, మత్తడి కాలువలో ఇళ్లు లేస్తే, తూము తెరిచే నీరటి లేకపోతే దానికి జవాబుదారీ మనమే.

కాబట్టి సంఘానికి నాదొక విన్నపం. ఉత్సవం గుర్తుగా బడికి ఆర్చి కడదామని అనుకుంటున్నారు, మంచిదే. దానితో పాటు ఏటా పదో తరగతి పిల్లలను ఒక బస్సులో ఈ దారిన తిప్పుదాం. తిరిగొచ్చాక వాళ్లు తమ తమ ఊళ్లలో, తండాల్లో ఉన్న పాత గుడి, వీరగల్లు, చెరువు, తూము గురించి పెద్దవాళ్లను అడిగి రాసుకురావాలి. పొలం గట్టున, బావి దగ్గర పడి ఉన్న రాతిమీద అక్షరాలు కనిపిస్తే ఫొటో తీసి పండితులకు పంపుదాం. బస్సు ఖర్చు మొదటి ఐదేళ్లు మా బ్యాచ్ పెట్టుకుంటుంది.

మన పిల్లల్లో ఒకడు రేపు ఏ దేశం పోయినా, "మీ ఊరి దగ్గర పాత గుడి ఏది?" అని ఎవరైనా అడిగితే నాలాగా నీళ్లు నమలకూడదు. కొరవి రాయి నుంచి మొదలుపెట్టి ఆకేరు దాకా చెప్పగలగాలి.

మొదటి బస్సు బంగ్లా చౌరస్తా నుంచి పొద్దున ఏడింటికి. సద్దులు కట్టుకొని రండి, బయ్యారం కట్ట మీద కూర్చొని తిందాం.