ఎవరు పోయారండీ?

మా భీమిలిలో తెల్లారకుండానే మైకులో ఘంటసాల భగవద్గీత వినిపించిందంటే చాలు, వీధి తలుపులన్నీ తెరుచుకుంటాయి. "ఎవరు పోయారండీ?" అన్నదే మొదటి మాట.

పాపం, ఆయన గీత పాడింది పోయినవాళ్ళ కోసమా?

1922లో పుట్టిన ఘంటసాలగారు మన పొరుగు విజయనగరంలోనే మధుకరం ఎత్తుకుంటూ, పట్రాయని సీతారామశాస్త్రిగారి దగ్గర సంగీతం నేర్చుకున్నారు. క్విట్ ఇండియా రోజుల్లో జైలుకెళ్ళారు. మద్రాసు చేరి, 'పాతాళభైరవి' (1951), 'మాయాబజార్' (1957) లాంటి చిత్రాలతో ఇంటింటి గొంతు అయ్యారు. 1970లో పద్మశ్రీ వచ్చింది.

ప్రేమగీతాలూ, పద్యాలూ వేలకొద్దీ వినిపించిన ఆ గొంతు ఆఖరిరోజుల్లో గీతను అందుకుంది. 1974 ఫిబ్రవరి 11న ఆయన కన్నుమూశారు. దాంతో ఆ రికార్డే ఆయన వీలునామా అయింది. మనమేమో దాన్ని చావింటికి అప్పగించేశాం!

కృష్ణుడు గీత చెప్పింది చతికిలబడ్డ బతికున్నవాణ్ణి లేపడానికి కదండీ! అందుకే ఆదివారం పొద్దున్నే మా ఇంట్లో ఆ రికార్డు పెడతాను. పక్కింటి పిన్నిగారు పరుగెత్తుకొస్తారు.

"ఏమైంది నాయనా?"

"ఏమీ కాలేదు పిన్నిగారూ. కూర్చోండి, కాఫీ తాగుతూ విందాం."