చెరువు లేని ట్యాంక్, దొరకని నీమో గేమ్

ఈ ఎపిసోడ్ మాసబ్ ట్యాంక్ నుంచి. ఇటు బస్సులో వెళ్తున్నప్పుడు ఎప్పుడైనా అనిపించిందా, పేరులో ట్యాంక్ ఉంది, మరి చెరువేది అని? కుతుబ్‌షాహీల కాలంలో ఇక్కడ 'మా సాహెబా' పేరు మీద ఒక చెరువు ఉండేది. జనం నోళ్లలో నలిగి నలిగి అది 'మాసబ్' అయింది. చెరువున్న చోట ఇప్పుడు చాచా నెహ్రూ పార్కు ఉంది. నీళ్లు పోయాయి, పేరు మిగిలింది.

ఇవాళ చెప్పబోయే గేమ్ కథ కూడా ఇలాంటిదే.

2003 మే 30న అమెరికాలో 'ఫైండింగ్ నీమో' రిలీజైంది. డైవర్ పట్టుకుపోయిన కొడుకు కోసం ఒక నాన్న చేప సముద్రం దాటి సిడ్నీ దాకా వెళ్తాడు. డైరెక్టర్ ఆండ్రూ స్టాంటన్, తీసింది పిక్సార్. మరుసటి ఏడాది ఆస్కార్ కూడా వచ్చింది.

అదే 2003లో గేమ్‌బాయ్ అడ్వాన్స్ మీద నీమో గేమ్ వచ్చింది. చేసింది పిక్సార్ కాదు, వికేరియస్ విజన్స్ అనే స్టూడియో. అమ్మింది టీహెచ్‌క్యూ. ఆ గేమ్‌బాయ్ స్క్రీన్ ఎంతో తెలుసా? 240×160. అంటే మొత్తం 38,400 పిక్సెల్స్. మీ ఫోన్ 1080×2400 అయితే, దానికి 67 రెట్లు ఎక్కువ. థియేటర్ తెరంత సముద్రాన్ని అంత చిన్న కిటికీలో పెట్టాలి! సినిమాలోని 3డీ బొమ్మలు అందులో పట్టవు. అందుకే 8×8 పిక్సెల్స్ చదరపు ముక్కలు పేర్చి సముద్రం కట్టారు, చేపల్ని మళ్లీ చిన్నగా తయారుచేశారు. అంటే అది సినిమాకి కాపీ కాదు, ఇంకొకళ్ల చేతి పని.

మరి ఇప్పుడు ఆ పని ఎక్కడుంది? సినిమా 2012లో 3డీలో మళ్లీ థియేటర్లకొచ్చింది, ఫోన్లో ఇవాళ కూడా చూడొచ్చు. గేమ్ సంగతి వేరు. టీహెచ్‌క్యూ 2012 డిసెంబర్‌లో దివాలా తీసింది. వికేరియస్ విజన్స్ అనే పేరు కూడా 2022లో పోయింది. పాత క్యాసెట్ ఎవరి దగ్గరైనా ఉంటే ఉన్నట్టు, లేకపోతే లేదు. ఇది ఒక్క నీమో గొడవ కాదు. అమెరికాలో 2010కి ముందు వచ్చిన గేమ్స్‌లో 87 శాతం ఇప్పుడు మార్కెట్లో కొనడానికి లేవని వీడియో గేమ్ హిస్టరీ ఫౌండేషన్ 2023లో తేల్చింది. సినిమా బొమ్మలు ఒకరివి, కోడ్ రాసింది ఇంకొకరు, అమ్మే హక్కు మూడో వాళ్లది. ఒప్పందం గడువు తీరిందంటే, మళ్లీ అమ్మాలనుకున్నా అందరూ ఒప్పుకోవాలి. ఎవరికీ పట్టకపోతే గేమ్ అలా మూలన పడిపోతుంది.

ఇదంతా మాసబ్ ట్యాంక్‌లో నిలబడి ఎందుకు చెప్తున్నానంటే, ఇక్కడే జేఎన్ఏఎఫ్ఏయూ ఉంది. అక్కడ మీలాంటి వాళ్లు యానిమేషన్ నేర్చుకుంటున్నారు. రేపు మీరు చేసే గేమ్ కూడా ఎవరో ఒకరి సినిమా పేరు మీదే రావొచ్చు. కాబట్టి ఇవాళే మీ పని ఇంకోచోట కూడా కాపీ చేసి దాచుకోండి, ఎవరెవరు ఏం చేశారో పేర్లు రాసి పెట్టండి. మాసబ్ ట్యాంక్‌లా మనకి పేరొక్కటే మిగలకూడదు.

మళ్లీ వచ్చే ఎపిసోడ్‌లో కలుద్దాం. ఉంటాను మరి.