వలందపాలెం ఎరుపు

బందరు, 1670ల నాటి ఒక ఉదయం. వలందపాలెంలో డచ్చి కొఠీ ముందు అద్దకపు గుడ్డల మూటలు విప్పుతున్నారు. కొఠీ వర్తకుడు ఒక తాను ఎండకు ఎత్తిపట్టి చూసి, పక్కన పడేశాడు.

“దొరకు నచ్చలేదు మామా. ఎరుపు పలచబడిందంటున్నాడు” అన్నాడు దుబాసీ.

“ఈ ఏడు చిరివేరు సన్నంగా పడింది బాబూ. ఇంకో ఉడుకు పెట్టి తెస్తాను.”

“ఓడ ఆగదు. బయానా మాత్రం ముందే పుచ్చుకున్నావు.”

ముసలాయన మాట్లాడకుండా తాను మడతపెట్టుకున్నాడు.

ఈ సంభాషణ నా ఊహే. ముందుగా చేతిలో పెట్టే బయానా, వంక పెట్టి తిప్పికొట్టే తాను మాత్రం ఆనాటి నిజాలు.

డచ్చివాళ్లు బందరులో దిగింది 1605లో. అప్పుడది గోల్కొండ సుల్తానుల రేవు. వాళ్ల కన్ను లవంగం, జాజికాయల మీద. అవి పండే తూర్పు దీవుల జనం బదులుగా అడిగింది మన తీరపు గుడ్డ. అందుకే ఎక్కడో హాలండువాళ్లు కృష్ణ ముఖద్వారం పక్కన ఒక పాలెం కట్టుకుని కాపురమున్నారు. తోట్లవల్లూరు లంకలను ఒరుసుకుంటూ దిగే నది ఒండ్రు తెచ్చి పోయడంతో ఒడ్డున లోతు లేదు. పెద్ద ఓడలు దూరాన లంగరేసేవి. మూటలన్నీ పడవల మీదే చేరాలి.

ఆ గుడ్డ తయారీ ఎంత ఓపికో చెప్పాలి. కరక్కాయ కలిపిన గేదెపాలలో నానబెట్టి ఆరబెట్టాలి. తుప్పు ఇనుము, బెల్లం ఊరబెట్టిన నీటితో నల్లగీతలు. ఎరుపు పట్టాల్సిన చోట పటిక. తర్వాత ఈ తీరపు ఇసుక నేలల చిరివేరుతో కలిపి ఉడికిస్తే, పటిక తాకిన చోటే ఎరుపు పూస్తుంది. ఎన్ని ఉతుకులకూ వెలవని ఆ ఎరుపుకే యూరపు దాసోహమంది.

1678లో గోల్కొండ సుల్తాను తానీషా స్వయంగా బందరు వచ్చాడు. 1686లో గోల్కొండతో తగవు ముదిరి డచ్చివాళ్లు పట్నాన్నే పట్టుకున్నారు. మరుసటి ఏడాది గోల్కొండే ఔరంగజేబు వశమైంది. ఈ తీరంలో కొలువు చేసి వెళ్లిన డేనియల్ హవార్ట్ 1693లో కోరమండలం ఉత్థానపతనాల మీద పుస్తకం అచ్చువేశాడు. 1824 ఒడంబడిక ప్రకారం మరుసటి ఏడు కోస్తాలోని డచ్చి స్థావరాలు ఇంగ్లీషువాళ్ల పరమయ్యాయి.

ఆపైన 1864 నవంబరు 1 రాత్రి ఉప్పెన. దాదాపు 30 వేల మంది పోయారు. 1977 ఉప్పెనలో దివిసీమ కన్నీళ్లు చూసినవాళ్లకు ఆ రాత్రిని వర్ణించనక్కర్లేదు. పట్నం మళ్లీ పూర్వపు కళకు రాలేదు.

వలందపాలెం నేడు బందరులో ఒక పేట. డచ్చి సమాధులు మిగిలాయి. రాతి పలకల మీద వంశచిహ్నాలు, పేర్లు, తేదీలు శ్రద్ధగా చెక్కారు. ఆ పాలేనికి అన్నం పెట్టిన అద్దకపువాళ్లకు ఒక్క రాయీ లేదు. ఇది న్యాయం కాదు.

వాళ్ల విద్య పెడనలో ఇంకా బతికే ఉంది. బందరు వెళ్తే సమాధులు చూసి తిరిగొచ్చేయకండి. పెడన దాకా వెళ్లండి, అచ్చువేసే చేతులను చూడండి, బేరమాడకుండా ఒక దుప్పటి కొనండి.