తంగేడు చెక్క నుంచి క్రోము దాకా: చాటర్టన్ రచనల్లో తోలుపని, శిక్షణ

మెట్టసీమలో తోలుపని చరిత్రను బావి గట్టు నుంచి మొదలుపెట్టడం సమంజసం. బెళుగుప్ప ప్రాంతం వంటి వానలు చాలని నేలలో పైరు నిలవాలంటే కపిల కావాలి. కపిలకు తోలు బాన, తొండం కావాలి. తోలు పదునుకు వాడే తంగేడు ఈ బీళ్లలోనే పెరుగుతుంది. రైతు సేద్యం మాదిగ వృత్తికారుని లందపై ఆధారపడిన ఈ సంబంధాన్ని సాహిత్య చరిత్రలు అంతగా పట్టించుకోలేదు.

మద్రాసు ప్రెసిడెన్సీలోని తోళ్ల పదును, తోలుపనిపై ఆల్‌ఫ్రెడ్ చాటర్టన్ 1904లో ఒక గ్రంథం వెలువరించాడు. ఇంజనీరింగ్ అధ్యాపకుడిగా మద్రాసుకు వచ్చిన ఇతడు చేతిపనిని చూసి రాసి ఊరుకున్నవాడు కాడు. మద్రాసు కళల పాఠశాలలో అల్యూమినియం పాత్రల తయారీని, తరువాత క్రోము పదునును ప్రయోగాత్మకంగా నడిపించాడు. అప్పటికి మద్రాసు నుంచి తంగేడు చెక్కతో పదును చేసిన తోళ్లు లండను బజారుకు వెళ్లేవి. అమెరికాలో క్రోము పద్ధతి స్థిరపడ్డాక అక్కడివారు పచ్చితోళ్లనే కోరారు. చెక్కపదును వ్యాపారం దెబ్బతిన్నది.

చాటర్టన్ ఆలోచనలోని వైరుధ్యం ఇక్కడే ఉంది. నీటిలో త్వరగా చీకని క్రోము తోలు కపిల బానలకు పనికివస్తుందని అతడు ఆశించాడు. అదే కాలంలో బావులపై చమురు ఇంజన్లను ప్రోత్సహించినవాడూ అతడే. మొదటిది తోలుకు ఆయుష్షు పెంచేది, రెండవది తోలు అవసరాన్నే తీసివేసేది. (వృత్తికారుడు ఈ రెంటిలో దేనిని కోరుకున్నాడో అడిగే పద్ధతి నాటి పాలనకు లేదు.)

శిక్షణ విషయంలో అతని వైఖరి మరింత చర్చించదగినది. పుస్తకం కంటె కర్మశాలయే మేలైన బడి అని అతడు నమ్మాడు. నిజానికి ఇంటి లంద వద్ద పిల్లవాడు పొందే విద్య కూడా అటువంటిదే: సున్నం ఎంత పట్టిందో వేళ్లతో తెలుసుకోవడం, రంపె పట్టు, ఆరె పోటు. అయితే ఆ విద్యకు కూలి లేదు, గౌరవం లేదు, మానే స్వేచ్ఛ లేదు. కర్మశాల కూలి ఇచ్చింది. లందలోని నేర్పును మాత్రం విద్యగా లెక్కించలేదు.

ఐరోపా వర్తకుల అభ్యంతరాల నడుమ, ప్రభుత్వం పరిశ్రమలు నడపరాదని భారత మంత్రి మార్లే 1910లో ఆదేశించాడు. క్రోము కర్మాగారం ప్రభుత్వం చేయి దాటింది; 1912లో చాటర్టన్ మైసూరు కొలువుకు వెళ్లాడు. మాండలిక వృత్తి పదకోశం తొలి సంపుటం, వ్యవసాయ పదాలతో, 1962లో వచ్చింది. అప్పటికే ఇంజన్ల ముందు కపిలలు వెనుకబడుతున్నాయి.