పోర్టు బ్లేయరు పేటల పుట్టుపూర్వోత్తరములు

ఊరి చరిత్ర తెలిసికొనగోరువారు శాసనములను, శిథిలాలయములను వెదకుట వాడుక. పోర్టు బ్లేయరు పట్టణమున అట్టివి దొరకవు. ఇచట పేటల పేర్లే శాసనములు. మన సమాజ సభ్యుల చిరునామాలను ఒకమారు చదివిన చాలును: ఆబర్డీను, హాడో, డెలానిపూరు, షాదీపూరు, జంగ్లీఘాటు, ఆస్టినాబాదు, బ్రుక్షాబాదు, డాలీగంజి, గారాచర్మ. వీనిలో కొన్ని స్కాట్లండునుండి ఓడనెక్కి వచ్చిన పేర్లు. కొన్ని ఆంగ్లపదమునకు పారసీక ప్రత్యయము తగిలించుకొన్నవి. ఒకటి పెండ్లిండ్లను తలపునకు తెచ్చును. 2024 సెప్టెంబరులో కేంద్ర ప్రభుత్వము ఈ పట్టణమునకు శ్రీ విజయపురమని నామకరణము చేసినది. పట్టణము పేరు మారినను పేటల పేర్లు వ్యవహారమున నిలిచియున్నవి. అవి చెప్పు కథ వినదగినది.

మన ఆంధ్రదేశమున ఊళ్లు సాధారణముగా ఏటిగట్టుననో, చెరువు క్రిందనో, దేవాలయము చుట్టునో తమంతట తాము పెరిగినవి. పోర్టు బ్లేయరు అట్టిది కాదు. ఇచట ప్రభుత్వము ముందుగా పటము గీసెను. పిమ్మట మనుష్యులను తెచ్చి నిలిపెను. ఒక్కొక్క తరమున ఒక్కొక్క పథకము వచ్చెను. ఏ పథకమును తాననుకొన్నట్లు ముగియలేదు. పథకము ఎవరిని తాత్కాలికులని లెక్కగట్టెనో, తుదకు వారే దీనిని ఊరుగా మార్చిరి. ఈ వ్యాసమున చూపదలచినది ఈ ఒక్క విషయమే.

మొదటి ప్రయత్నము 1789లో జరిగినది. ఆర్చిబాల్డ్ బ్లేయర్ అను నౌకాదళాధికారి ఈ రేవును పరిశీలించి చాతం దీవిపై చిన్న వలస నెలకొల్పెను. నౌకాదళమునకు అనుకూలమని 1792లో దానిని ఉత్తర అండమానునకు తరలించిరి. అచట రోగములు ప్రబలి జనము నశించుటచే 1796లో ఆ వలసను మూసివేసిరి. దాదాపు అరువది సంవత్సరములపాటు అడవి మరల తన స్థలమును తాను తీసికొన్నది.

1857 నాటి మహాసంగ్రామము పిమ్మట ఆంగ్ల ప్రభుత్వమునకు ఖైదీలను దూరముగా ఉంచు స్థలము కావలసివచ్చెను. డాక్టరు మౌఅట్ అధ్యక్షతన ఒక సంఘము దీవులను చూచి పాత రేవునే మేలని నిర్ణయించెను. 1858 మార్చి 10వ తేదీన డాక్టరు జేమ్స్ ప్యాటిసన్ వాకర్ 200 మంది ఖైదీలతో ఇచట దిగెను. మొదట చాతం దీవిపై విడిది చేసిరి. అచట త్రాగునీరు చాలలేదు. కావున రాస్ దీవికి మారిరి. ఈ పట్టణ చరిత్రలో తొలి స్థలనిర్ణయమును చేసినది అధికారి కాదు, నీరు. ఈ మాట ముందు మరల ప్రస్తావనకు రాగలదు.

ఆ తొలి దినముల కష్టములను నాటి లెక్కలే చెప్పగలవు. మూడు నెలలు దాటిదాటకముందే, అనగా జూను మధ్యనాటికి, 773 మంది ఖైదీలు చేరిరి. వారిలో 64 మంది ఆసుపత్రిలో మరణించిరి. 140 మంది అడవిలోనికి పారిపోయి మరల కానరాలేదు. 87 మందిని ఉరితీసిరి. నేడు మనము పిల్లలతో సాయంకాలము షికారు చేయు తీరములను అడవి నరికి చదును చేసినవారు వీరు.

నాటి పట్టణ నిర్మాణ విధానము సుస్పష్టము. పాలకులు సముద్రము నడుమ రాస్ దీవిపై; పాలితులు ఎదురుగట్టున. ఒక చదరపు కిలోమీటరైనను లేని ఆ దీవిపై చీఫ్ కమిషనరు భవనము, చర్చి, రొట్టెల బట్టీ, ముద్రణాలయము, నీటిని శుద్ధిచేయు యంత్రము వెలసినవి. ఎదుట ఆబర్డీను, హాడో మున్నగు చోట్ల బారకాసులు లేచినవి. ఎవరు ఎచట ఉండవలెనో, ఎంతసేపు పనిచేయవలెనో, ఏ గంటకు లెక్కకు నిలువవలెనో, అంతయు వ్రాతపూర్వకమైన నిబంధనయే.

ఇంతకు ఆ నేల నిర్జనమైనది కాదు. తరతరములుగా అది అండమానీయుల వేటభూమి. తమ అడవులు కూలుచుండ వారు ఊరకుండలేదు. 1859 మే 17న ఆబర్డీనుపై విల్లంబులతో దాడిచేసిరి. వారితో కొంతకాలము అడవిలో నివసించిన దూధ్‌నాథ్ తివారి అను ఖైదీ ముందుగా వార్త చేర్చుటచే ఆ దాడి విఫలమైనది. పిమ్మట పాలకులు వారిని మచ్చిక చేసికొనదలచి 'అండమాన్ హోములు' అను విడుదులు నడపిరి. అవియే రోగములు వ్యాపించు స్థలములైనవి. 1877 నాటి తట్టు ఎందరినో బలిగొన్నది. వేల సంఖ్యలోనున్న గ్రేట్ అండమానీయులు 1901 జనగణననాటికి 625 మంది, 1961 నాటికి 19 మంది మాత్రమే మిగిలిరి. నేడు వారి సంతతి కొద్దిమంది స్ట్రైట్ దీవియందు నివసించుచున్నారు. ఈ పట్టణమునకు గీసిన ఏ పటమునందును వారికొక పేట లేదు. జంగ్లీఘాటు అను పేరు పలుకునపుడెల్ల, ఆ మొదటి శబ్దముతో నాటివారు ఎవరిని పిలిచెడివారో ఒకసారి స్మరించుట మన ధర్మము.

ఖైదీలను కేవలము బారకాసులలో ఉంచినచో ఊరు ఏర్పడదు. అందుచే పాలకులు మరియొక పద్ధతిని ప్రవేశపెట్టిరి. పది సంవత్సరములు సత్ప్రవర్తనతో శిక్ష అనుభవించిన ఖైదీకి 'సెల్ఫ్ సపోర్టరు' అను హోదా లభించెడిది. అతనికి గ్రామమున భూమి, గృహమునకును పనిముట్లకును సాయము, కొంతకాలము పన్ను మినహాయింపు ఇచ్చెడివారు. అతడు పశువులను పెంచుకొనవచ్చును. స్వదేశమునుండి కుటుంబమును రప్పించుకొనవచ్చును. లేదా ఇచటి స్త్రీ ఖైదీలలో ఒకరిని వివాహమాడవచ్చును. స్త్రీల కారాగారము సౌత్ పాయింటున ఉండెడిది. వివాహమునకు అధికారుల అనుమతి కావలెను. షాదీపూరునకు ఆ పేరు ఈ పెండ్లిండ్లవలననే వచ్చినదని స్థానికులు చెప్పుదురు. అయినను అతడు స్వతంత్రుడు కాడు. దీవి విడుచుటకు వీలులేదు. పనిచేయక కూర్చుండుటకును వీలులేదు.

ఈ పద్ధతివలన రేవుచుట్టు లోయలలో వరిపొలములు, కొండవాలులలో కొబ్బరితోటలు, నడుమ గ్రామములు వరుసగా ఏర్పడెను. నేటి పట్టణపు శివారు పేటలలో పెక్కింటికి మూలము ఈ గ్రామములే. గ్రామమునకొక చౌదరి, అతని క్రింద చౌకీదారు. పంజాబీ భర్త, బెంగాలీ భార్య. పొరుగింట మద్రాసీ, ఆవలియింట బర్మీయుడు. కులము, మతము, భాష అను గోడలు సముద్రము దాటి రాలేకపోయెను. వారి బిడ్డలు ఇంట హిందూస్థానీ మాటలాడిరి. తాము పుట్టిన నేలనే తమ దేశమనుకొనిరి. వీరినే నేడు 'లోకల్ బార్న్' అని పిలుచుచున్నారు. పథకము తయారుచేసినవారికి కావలసినది ధాన్యము, క్రమశిక్షణ. వారు ఊహింపనిది ఈ క్రొత్త సమాజము.

1896లో ప్రారంభమై 1906లో పూర్తియైన సెల్యులర్ జైలు కథ మనకందరకు తెలిసినదే. అల్లూరి సీతారామరాజు నడపిన రంప పితూరీలో పాల్గొన్న మన్యవీరులు కొందరు ఇచ్చటికి పంపబడిరి. మన తెలుగువారికి ఈ దీవులతోగల సంబంధము ఉద్యోగములతో మొదలు కాలేదు. సంకెళ్లతోనే పూర్వమే ఏర్పడినది. 1921 నాటి మలబారు తిరుగుబాటు తరువాత మాప్పిళ్లలను తెచ్చిరి. వారు నెలకొన్న గ్రామములకు మంజేరి, తిరూరు, మణ్ణార్‌ఘాటు, మలప్పురము అని తమ దేశపు పేర్లే పెట్టుకొనిరి. అధికారుల పేర్లతో వెలసిన గ్రామముల ప్రక్కనే ఇవియు వెలసినవి. ఫెరార్‌గంజి నాటి చీఫ్ కమిషనరును జ్ఞప్తికి తెచ్చును. మంజేరి కన్నతల్లిని జ్ఞప్తికి తెచ్చును. పేరు పెట్టుటయందు కూడ పాలకునికి, నివాసికి ఇంత భేదము కలదు.

రాస్ దీవి వైభవము హఠాత్తుగా అంతరించెను. 1941 జూను 26న సంభవించిన భూకంపము దానిని బీటలు వార్చెను. 1942 మార్చి 23న జపాను సైన్యము దీవులను ఆక్రమించెను. మూడున్నర సంవత్సరములు జనులు ఆకలితోను భయముతోను గడపిరి. లంబాలైను విమానక్షేత్రము నాడు నిర్బంధపు కూలితో సిద్ధమైనది. 1943 డిసెంబరు 30న నేతాజీ ఇచట జాతీయపతాకము నెగురవేసిరి. ఒక నెల తిరిగినంతనే, 1944 జనవరి 30న, హంఫ్రీగంజివద్ద 44 మందిని గూఢచారులను నెపముతో జపాను సైనికులు కాల్చి చంపిరి. ఒకే పట్టణమునకు ఒకే శీతకాలమున ఇట్టి గౌరవము, ఇట్టి శోకము కలిగినవి. 1945లో ఆంగ్లేయులు తిరిగివచ్చి శిక్షావలసను రద్దుచేసిరి. అధికార కేంద్రము రాస్ దీవికి మరల పోలేదు. ఈ గట్టుననే నిలిచినది. ఖైదీలు కట్టిన ఊరే రాజధానియైనది.

స్వాతంత్ర్యానంతరము పథకము స్వరూపము మారెను. 1949 నుండి తూర్పు బెంగాలు శరణార్థులను దీవులలో భూములిచ్చి నిలిపిరి. 1956లో కేంద్రపాలిత ప్రాంతము, 1957లో పురపాలక సంఘము ఏర్పడెను. కార్యాలయములు పెరిగెను, వానితోపాటు సర్కారు నివాసగృహములును పెరిగెను. హాడో, డెలానిపూరు, జంగ్లీఘాటు కొండవాలులపై తరగతుల ప్రకారము వరుస ఇండ్లు వెలసినవి. నేలను మట్టముచేయుట, నిలుపుగోడలు కట్టుట, మెట్లుదారులు తీర్చుట, ఇవియే ఇచటి నగరనిర్మాణమున సగము ఖర్చు, ముప్పాతిక శ్రమ. ఆ శ్రమయందు మన శ్రీకాకుళము, విశాఖపట్నము జిల్లాలవారి పాలు చిన్నది కాదు. రేవులో, అడవి శాఖలో, ప్రజాపనులలో వారు కూలికి చేరిరి. జంగ్లీఘాటు తీరమున మన మత్స్యకారులు వలలు ఆరవేసికొనిరి. ఆరు నెలలకు తిరిగిపోదమని వచ్చినవారు మనుమలనెత్తిరి. 2011 జనగణనమున ఈ దీవుల జనాభా 3,80,581. వారిలో నూటికి పదుమువ్వురు తెలుగు మాతృభాషగా గలవారు. కొన్ని పాఠశాలలలో తెలుగు మాధ్యమమున బోధన ఏర్పడుటకు కారణము ఆ కూలివారి బిడ్డలే కాని మనబోటి ఉద్యోగుల బిడ్డలు కారు.

ఇక పెరుగుదల వేగమును చూడుడు. 1951లో దీవుల మొత్తము జనాభా 30,971. 1961లో పోర్టు బ్లేయరు జనాభా సుమారు 14,000. 2001 నాటికి ఈ పట్టణమొక్కటే లక్షను సమీపించినది. రేవునానుకొన్న కొండలు నిండిన పిమ్మట పట్టణము దక్షిణముగా, పాత సెల్ఫ్ సపోర్టరుల గ్రామములవైపు పాకినది. డాలీగంజి, గారాచర్మ ప్రాంతములకు సంస్థలు వచ్చెను. 1978లో కేంద్ర వ్యవసాయ పరిశోధనా సంస్థ గారాచర్మలో నెలకొన్నది. 2001 జనగణనయే గారాచర్మను పట్టణముగా లెక్కించినది. నూరేండ్లక్రితము ఖైదీకి ధాన్యము పండించుటకిచ్చిన మడి నేడు గృహనిర్మాణ స్థలమైనది.

సుమతీ శతకకారుడు ఊరికి ఉండదగినవానిలో జీవనదిని ఒకటిగా చెప్పెను. ఆ పద్యము కంఠస్థము కాని తెలుగు బాలుడు అరుదు. పోర్టు బ్లేయరునకు ఆ ఏరు లేదు. ఏటేట మూడువేల మిల్లీమీటర్ల వర్షము కురిసినను, నిలుపుచోటు లేక కొండలనుండి జారి కడలిపాలగును. పూర్వము దిల్థామన్ చెరువు ఆదుకొన్నది. 1973లో ధనిఖారి ఆనకట్ట వచ్చినది. జనము ఆనకట్టను మించి పెరిగినది. వేసవిలో దినము విడిచి దినము, కొన్ని యేండ్లు రెండు మూడు దినములకొకసారి కుళాయి వచ్చుట గృహిణులెరిగిన సంగతియే. 1858లో వాకరు చాతం విడుచుటకు కారణమైన ప్రశ్నకు ఇంకను పూర్తి సమాధానము దొరకలేదు.

2004 డిసెంబరు 26 నాటి భూకంపము, సునామీ మరియొక పాఠము చెప్పినవి. నేల క్రుంగుటచే పట్టణము చేరువనున్న సిప్పీఘాటు పొలములలోనికి ఉప్పునీరు వచ్చి నిలిచినది. ఏ తరమువారో అడవి కొట్టి చేసిన మాగాణి మరల సముద్రభాగమైనది. పల్లపు భూమి ఇండ్లకు సులభము. కాని దాని హద్దు గీయువాడు ఇంజనీరు కాడు, కడలి.

ఈ చరిత్రవలన తేలునదేమి? రాస్ దీవిపై కట్టినవారు శాశ్వతమని కట్టిరి. నేడచట గోడలను మర్రివేళ్లు పట్టుకొనియున్నవి. ఎదుటిగట్టున తాత్కాలికులుగా నిలిపినవారి సంతతి ఊరై నిలిచినది. దీనికి కారణము రహస్యమేమియు కాదు. రాస్ దీవివారు స్వదేశమునకు పోవు ఓడకై ఎదురుచూచుచు కాపురముండిరి. ఈ గట్టువారికి ఓడ లేదు. కావున నూయి త్రవ్విరి, చెట్టు నాటిరి, బిడ్డకు పెండ్లి చేసిరి.

మనము కేంద్ర ప్రభుత్వోద్యోగులము. బదిలీ ఉత్తరువు వచ్చినదాక ఇచటివారము. రెండు మూడేండ్ల కొలువునకు వచ్చినవాడు నీటి తొట్టిని గూర్చి ఫిర్యాదు వ్రాయును కాని, నీటి వనరును గూర్చి ఆలోచింపడు. ఇది సహజమేకాని శ్లాఘ్యము కాదు. మన నివాసగృహముల కప్పులపై పడు వాననీటిని నిలువచేయు ఏర్పాటు ప్రతి వరుసయందును సక్రమముగా పనిచేయునట్లు చూచుట మన చేతిలోని పని. కాగితముపై క్రొత్త నివాసమునకు గీత గీయునపుడు నీరెంత, పల్లమెంత, పూర్వమా నేలపై ఎవరుండిరి అను మూడు ప్రశ్నలు వేసికొనుట మనలో ఆ అధికారము గలవారి పని. జంగ్లీఘాటులోను హాడోలోను ఉన్న తెలుగు వృద్ధులు తాము వచ్చిన ఓడను, కట్టిన రోడ్డును, మొదటి జీతమును ఇంకను చెప్పగలరు. వారు చెప్పునది వ్రాసి ఉంచుట మన సమాజము పని. శాసనములు లేని ఊరికి అవియే శాసనములు. వానిని చెక్కుటకు కాలము మిక్కిలిగా మిగిలిలేదు.