ఆఫ్రికానర్: పేరు ఒకటి, హక్కుదారులు ఎందరో

దక్షిణాఫ్రికాలో ఆఫ్రికాన్స్ మాతృభాషగా గల తెల్లవారిని ఆఫ్రికానర్లు అంటారు. డచ్చివారు, జర్మన్లు, మతహింస తట్టుకోలేక పారిపోయి వచ్చిన ఫ్రెంచి ప్రొటెస్టంట్లు వీరి పూర్వికులు. ఇది ఇవాళ్టి అర్థం. ఈ అర్థం గట్టిపడింది ఇరవయ్యో శతాబ్దంలోనే. అంతకు ముందు ఇదే పేరు బానిసలకు పుట్టిన పిల్లలకు చెల్లింది, తుపాకులు పట్టిన ఒక మిశ్రమ మూలాల తెగకు ఇంటిపేరైంది, కొంతకాలం ఇంగ్లీషు మాట్లాడే తెల్లవారికీ వర్తించింది. జర్మన్ భాషలో నేటికీ ఆఫ్రికానర్ అంటే ఆఫ్రికా ఖండవాసి అనే అర్థం. నైజీరియా మనిషీ ఆఫ్రికానరే, కెన్యా మనిషీ ఆఫ్రికానరే. ఆఫ్రికాన్స్‌లో మాత్రం నల్లవారిని 'ఆఫ్రికాన్' అనే వేరే మాటతో పిలుస్తారు.

కథ 1652లో మొదలవుతుంది. ఆ ఏడాది ఏప్రిల్‌లో డచ్ ఈస్టిండియా కంపెనీ ఉద్యోగి యాన్ వాన్ రీబెక్ ఆఫ్రికా దక్షిణపు కొస దగ్గర, కేప్ అనే చోట దిగాడు. కంపెనీకి అక్కడ రాజ్యం కావాలన్న ఆశ లేదు. ఆసియాకు పోయివచ్చే ఓడలకు నీళ్లు, కూరగాయలు, మాంసం అందించే మజిలీ ఉంటే చాలు. తోటపని ఉద్యోగులతో సాగక, 1657లో కొందరిని కొలువు నుంచి విడిపించి భూములిచ్చి సేద్యానికి పెట్టారు. 1688 నుంచి ఫ్రెంచి కుటుంబాలు వచ్చి చేరాయి. అక్కడి పశుకాపరులైన కోయ్‌కోయ్ జనాన్ని బానిసలుగా చేసుకోరాదని కంపెనీ నియమం. అందుకని బానిసలను ఓడల్లో తెచ్చారు: మడగాస్కర్, మొజాంబిక్, ఇండోనేషియా దీవులు, సింహళం, బెంగాల్, మలబార్, కోరమాండల్ నుంచి.

కంపెనీ గుమాస్తాలు బానిస పేరు పక్కన పుట్టినచోటు రాసేవారు. 'వాన్ బెంగాల', 'వాన్ మలబార్', 'వాన్ కోరమాండల్' అన్నవి ఆ పుస్తకాల్లో తరచుగా కనిపించే ఇంటిపేర్లు. కోరమాండల్ అంటే కంపెనీ లెక్కలో పులికాట్, మచిలీపట్నం వంటి రేవులున్న తీరమంతా. తెలుగువారు డచ్చివారిని వలందులన్నారు. బందరులో వలందపాలెం అనే పేట పేరు ఆ కాలపు గుర్తే. ఇక బానిసకు బిడ్డ కేప్‌లోనే పుడితే 'వాన్ డి కాప్' అని రాసేవారు. అంటే ఆ నేలమీద పుట్టినవారు అని. ఇలా స్థానికంగా పుట్టిన బానిసలను, విడుదలైనవారి పిల్లలను, యూరోపియన్లకు స్థానిక స్త్రీల వల్ల కలిగిన సంతానాన్ని పద్దెనిమిదో శతాబ్దపు తొలినాళ్లలో ఆఫ్రికాండర్లు అనేవారు. అప్పట్లో మాటలో 'డ' ఉండేది, హాలండర్ అన్న పద్ధతిలో. తెల్ల వలసదారులు తమను తాము క్రైస్తవులమనో, బర్గర్లమనో (అంటే పౌరులు), డచ్చివారమనో చెప్పుకునేవారు.

1707 మార్చిలో ఒక రాత్రి స్టెలెన్‌బోష్ పిండిమర దగ్గర నలుగురు కుర్రాళ్లు తాగి అల్లరి చేశారు. ఆ ఊరి న్యాయాధికారి (లాండ్రోస్ట్ అంటారు) యోహానెస్ స్టారెన్‌బర్గ్ వచ్చి వారిలో ఒకణ్ణి బెత్తంతో కొట్టాడు. ఆ కుర్రాడు హెండ్రిక్ బీబౌ, పదహారు పదిహేడేళ్లవాడు. ఇక్కణ్ణుంచి పొమ్మన్న అధికారికి ఎదురుతిరిగి, తాను ఆఫ్రికాండర్‌ననీ, చచ్చేదాకా కొట్టినా, జైల్లో వేసినా నోరు మూసుకోననీ అరిచాడు. ఆ మాట కంపెనీ కాగితాల్లోకి ఎక్కింది. యూరోపియన్ సంతతివాడు ఒకడు ఈ పేరు తనకు పెట్టుకోవడానికి దొరికే తొలి ఆధారం ఇదే.

తర్వాతి జాతీయవాదులు బీబౌను ఒక జాతి మేలుకొలుపుకు తొలి గొంతుగా నిలబెట్టారు. ఆ రాత్రికి అంత బరువు మోపడం న్యాయం కాదు. అప్పటికి కేప్‌లో గవర్నర్ విలెమ్ ఆడ్రియాన్ వాన్ డెర్ స్టెల్ మీద రైతులు మండిపడుతున్నారు. ద్రాక్షసారా, మాంసం, ధాన్యం బేరాలను గవర్నరూ అతని మనుషులూ గుప్పిట్లో పెట్టుకున్నారని ఆడమ్ టాస్ అనే రైతు, అతని తోడివారు 1706లో ఆమ్‌స్టర్‌డామ్‌కు ఫిర్యాదు పంపారు. 1707లో గవర్నర్ పదవి పోయింది. లాండ్రోస్టు ఆ గవర్నర్ మనిషి. జీతానికి వచ్చి జీతం తీసుకుని పోయే అధికారి ముందు, ఇది మా ఊరు అని ఒక కుర్రాడు అనడమే ఇందులో ఉన్నది. రంగు ప్రసక్తి లేదు. పైగా బీబౌ తండ్రికి మడగాస్కర్ నుంచి వచ్చిన బానిస స్త్రీ వల్ల ఒక కూతురుంది. ఆ పేరు వాడుకలో ఉన్న అర్థంలో ఆఫ్రికాండర్ అంటే నిజానికి ఆ అక్కే.

బీబౌ తర్వాత చాలాకాలం ఈ పేరు తెల్లవారిలో పెద్దగా పాకలేదు. పశువుల వెంట లోపలి ప్రాంతాలకు సాగిపోయిన రైతులకు బోయర్లనే పేరు పడింది. డచ్చిలో ఆ మాటకు రైతు అనే అర్థం. ఆ కాలంలోనే ఆఫ్రికానర్ పేరును ఇంటిపేరుగా మోసినవారు మరొకరున్నారు. కోయ్‌కోయ్ మూలాలు, బానిసల రక్తం, యూరోపియన్ల రక్తం కలిసిన ఊర్లమ్ అనే జనంలో ఒక కుటుంబం అది. వారు డచ్చి మాట్లాడేవారు, గుర్రాలెక్కేవారు, తుపాకీ పేల్చేవారు. యాగర్ ఆఫ్రికానర్ మొదట పీటర్ పినార్ అనే బోయర్ దగ్గర చాకిరీ చేశాడు. 1796లో గొడవ ముదిరి పినార్ హతుడయ్యాడు. యాగర్ మనుషులతో సహా ఆరెంజ్ నది వైపు వెళ్లిపోయాడు. అతని తలకు కేప్ ప్రభుత్వం వెల కట్టింది. అంతటి దారిదోపిడీదారు తర్వాత క్రైస్తవం పుచ్చుకున్నాడు. 1819లో మిషనరీ రాబర్ట్ మోఫట్ అతణ్ణి కేప్‌టౌన్ తీసుకెళ్లి గవర్నర్ ఎదుట నిలబెట్టాడు. యాగర్ కొడుకు యోంకర్ ఆఫ్రికానర్ 1840 ప్రాంతంలో విండ్‌హుక్‌లో స్థిరపడ్డాడు. ఇవాళ నమీబియా రాజధాని అదే. పందొమ్మిదో శతాబ్దం మధ్యలో ఆరెంజ్ నది ఉత్తరాన ఆఫ్రికానర్ల సైన్యం వస్తోందంటే అది యోంకర్ దండు అని అర్థం.

1806 నుంచి కేప్ బ్రిటిష్ పాలనలో స్థిరపడింది. 1834లో బానిసత్వం రద్దయింది. ఈ పాలన నచ్చని బోయర్ కుటుంబాలు వేలాదిగా ఎద్దుబండ్లు కట్టుకుని ఉత్తరానికి వెళ్లి ట్రాన్స్‌వాల్, ఆరెంజ్ ఫ్రీ స్టేట్ రిపబ్లిక్కులను పెట్టుకున్నాయి. కేప్‌లో ఉండిపోయిన డచ్చి కుటుంబాలే ఎక్కువ. వీరికీ వారికీ కలిపి ఒక పేరు అప్పటికి లేదు.

ఆ పేరును వెతికి పెట్టింది భాషావాదులు. 1875 ఆగస్టు 14న పార్ల్ పట్టణంలో 'నిజమైన ఆఫ్రికానర్ల సంఘం' ఏర్పడింది. ఎస్. జె. డుటోయిట్ అనే మతాచార్యుడు దాని ప్రాణం. వంటింట్లో, పొలంలో మాట్లాడే వాడుకభాషను రాతలోకి తేవాలి, బైబిలును అందులోకి అనువదించాలి అన్నది వారి పట్టుదల. 1876లో ఆ భాషలో పత్రిక కూడా పెట్టారు. అయితే ఆ భాష ఒక్క తెల్లవారి సొత్తు కాదు. డచ్చిని కోయ్‌కోయ్ పనివారు, ఆసియా బానిసలు తమ నోళ్లలో మలచుకోగా తయారైన భాష అది. 'చాలా' అనడానికి వాడే 'బాయె', అరటిపండుకు వాడే 'పీసాంగ్' మలయ్ నుంచి వచ్చినవే. కేప్ ముస్లింలు దాన్ని అరబ్బీ లిపిలో రాసుకుని మదరసాల్లో పాఠాలు చెప్పుకునేవారు. ఓటోమన్ సుల్తాను పంపిన పండితుడు అబూబకర్ ఎఫెందీ ముస్లిం ధర్మశాస్త్రంపై అరబ్బీ లిపిలో రాసిన ఆఫ్రికాన్స్ గ్రంథం 1877లో ఇస్తాంబుల్‌లో అచ్చయింది. ఒకరు పార్ల్‌లో భాషను ఉద్ధరిస్తున్నామనుకుంటున్న కాలంలోనే, మరొకరు వారికి తెలియకుండా దాన్ని గ్రంథస్థం చేస్తున్నారు.

1880లో ఆఫ్రికానర్ బాండ్ అనే రాజకీయ పక్షం పుట్టింది. డుటోయిట్‌ది ఇంగ్లీషువారంటే గిట్టని ధోరణి. 1883 తర్వాత పక్షం యాన్ హాఫ్‌మైర్ చేతికి వచ్చింది. ఆయన లెక్క వేరు: దక్షిణాఫ్రికానే సొంత దేశమనుకునే తెల్లవాడు ఎవరైనా, ఇంటి భాష ఇంగ్లీషైనా సరే, ఆఫ్రికానరే. వజ్రాల వ్యాపారి సెసిల్ రోడ్స్ 1890లో కేప్ ప్రధాని అయింది ఈ బాండ్ మద్దతుతోనే. 1895 చివర్లో రోడ్స్ మనుషులు ట్రాన్స్‌వాల్ మీద దాడికి దిగడంతో ఆ పొత్తు, దానితోపాటు ఆ విశాలమైన అర్థం దెబ్బతిన్నాయి.

బ్రిటన్‌కూ బోయర్ రిపబ్లిక్కులకూ మధ్య జరిగిన 1899-1902 బోయర్ యుద్ధం మిగిలిన పని పూర్తిచేసింది. బ్రిటిష్ సైన్యం పొలాలు తగలబెట్టి ఆడవాళ్లను, పిల్లలను శిబిరాల్లో కుక్కింది. అక్కడ 26,000 మందికి పైగా బోయర్ స్త్రీలు, పిల్లలు రోగాలతో చనిపోయారు. నల్లవారికి వేరే శిబిరాలుండేవి. వాటిల్లో కనీసం 14,000 మంది పోయారు. మొదటి లెక్క జాతి స్మృతిలో శిలాశాసనమైంది. రెండోదాన్ని చాలాకాలం ఎవరూ ఎత్తలేదు.

1914లో నేషనల్ పార్టీ పెట్టిన జనరల్ హెర్ట్‌జోగ్ కూడా దక్షిణాఫ్రికాను ముందుంచే ఇంగ్లీషువారిని ఆఫ్రికానర్లలోనే కలుపుకునేవాడు. 1925లో ఆఫ్రికాన్స్ అధికార భాష అయింది, 1933లో బైబిలు అనువాదం వచ్చింది. 1934లో హెర్ట్‌జోగ్ తన ప్రత్యర్థి స్మట్స్‌తో కలిశాక, డి. ఎఫ్. మలాన్ విడిపోయి 'శుద్ధి చేసిన' నేషనల్ పార్టీ పెట్టాడు. శుద్ధి అన్నది పార్టీ పేరులోని మాటే. తెల్లచర్మం, ఆఫ్రికాన్స్, కాల్విన్ సంప్రదాయపు చర్చి: ఈ మూడూ ఉంటేనే ఆఫ్రికానర్. 1918 నుంచి పనిచేస్తున్న బ్రూడర్‌బాండ్ అనే రహస్య సంఘం ఈ అర్థాన్ని బడుల్లో, బ్యాంకుల్లో, చర్చిల్లో పాతుకునేట్టు చేసింది.

దీనికి ఆకలి కూడా ఒక కారణం. 1932 నాటి కార్నెగీ కమిషన్ సుమారు 3,00,000 మంది తెల్లవారు కటిక పేదలని లెక్కతేల్చింది. వారిలో అత్యధికులు పొలం పోగొట్టుకుని పట్నం చేరిన ఆఫ్రికాన్స్ కుటుంబాలు. గనుల్లో నల్లకూలీతో పోటీపడే మనిషికి, నువ్వు ఒక జాతివి అన్న మాట గౌరవంతోపాటు ఉద్యోగమూ ఇచ్చింది. 1938లో గ్రేట్ ట్రెక్ (బోయర్ల ఎద్దుబండ్ల వలస) నూరేళ్ల పండుగకు కేప్‌టౌన్ నుంచి ఎద్దుబండ్లు బయల్దేరాయి. దారిపొడుగునా మగవాళ్లు గడ్డాలు పెంచి, ఆడవాళ్లు పాతకాలపు టోపీలు కట్టుకుని ఎదురొచ్చారు. ఎద్దుబండికి ఆఫ్రికాన్స్ పేరు 'ఒస్సెవా'. ఆ ఏడు పుట్టిన ఆడపిల్లలు కొందరికి ఒస్సెవానియా అని పేరుపెట్టారు. డిసెంబరు 16న ప్రిటోరియాలో లక్షమందికి పైగా చేరారు. పదేళ్లకు, 1948లో, మలాన్ ప్రధాని అయ్యాడు.

చిత్రమేమంటే, ఆ తర్వాత వచ్చిన అపార్తైడ్ (జాతివివక్ష) చట్టాల్లో ఆఫ్రికానర్ అనే వర్గం లేదు. 1950 జనాభా నమోదు చట్టం మనిషిని తెల్లవాడు, కలర్డ్ (మిశ్రమ సంతతివాడు), నల్లవాడు అని మాత్రమే విడదీసింది. రూపాన్ని, ఇరుగుపొరుగు ఏమనుకుంటారన్నదాన్ని కొలబద్దగా పెట్టింది. అదే ఆఫ్రికాన్స్ మాట్లాడుతూ, అవే ఇంటిపేర్లు పెట్టుకుని, అదే మతశాఖకు చెందిన లక్షలాది కలర్డ్ జనం గీతకు అవతల పడ్డారు. 1956లో కేప్ కలర్డ్‌లను ఉమ్మడి ఓటరు జాబితా నుంచి తీసేశారు. 1966లో పీట్ రెటీఫ్ పట్టణంలో ఆఫ్రికానర్ దంపతుల కూతురిని, పదేళ్ల పిల్లను, ఒళ్లు చామనఛాయగా ఉందని బడినుంచి పంపేసి కలర్డ్‌గా నమోదు చేశారు. 1971లో జె. ఎ. హీసె అనే వంశచరిత్రకారుడు ఆఫ్రికానర్ల పూర్వికుల్లో దాదాపు 7 శాతం యూరప్‌కు చెందనివారని లెక్కగట్టినప్పుడు చాలామందికి కోపం వచ్చింది. 2020 నాటి జన్యు అధ్యయనం 4.7 శాతం దగ్గర తేల్చింది. అందులో దక్షిణాసియా వాటా కూడా ఉంది. బెంగాల్, కోరమాండల్ అని పేర్లు రాసిన గుమాస్తాల పుస్తకాలు చెప్పిందీ ఇదే.

లోపలివారే ఈ అర్థాన్ని ధిక్కరించిన సందర్భాలూ ఉన్నాయి. మండేలా తరఫున వాదించిన బ్రామ్ ఫిషర్ ఒక బోయర్ రిపబ్లిక్ ప్రముఖుడి మనవడు. ఫిషర్‌కు తర్వాత యావజ్జీవ శిక్ష పడింది. బ్రూడర్‌బాండ్ సభ్యుడైన పాస్టర్ బేయర్స్ నౌడె బయటికి వచ్చి అపార్తైడ్‌ను ఖండించాడు. మరోవైపు ఆడమ్ స్మాల్ వంటి కలర్డ్ కవులు అదే భాషలో తమ వాడలో మాట్లాడే రూపానికి సాహిత్య గౌరవం తెచ్చారు. 1976లో బడిలో ఆఫ్రికాన్స్‌ను బలవంతంగా రుద్దినందుకు నల్లవారి వాడ సోవెటోలో పిల్లలు తిరగబడ్డాక, ఆ భాష పేరే నల్లవారికి కంటగింపయింది.

1994లో అపార్తైడ్ ముగిశాక పేరు చుట్టూ వాదాలు మళ్లీ మొదలయ్యాయి. 2011 జనగణనలో ఆఫ్రికాన్స్ మాట్లాడేవారు సుమారు 68.5 లక్షలు. అందులో సగం కలర్డ్, 40 శాతం దాకా తెల్లవారు. ఈ రెండు వర్గాలనూ కలిపి 'ఆఫ్రికాన్స్ జనం' అందామని కొందరన్నారు. కలర్డ్‌లలో కొందరు 'గోధుమ ఆఫ్రికానర్లం' అన్నారు. మరికొందరికి ఆ పేరు వింటేనే కంపరం. తెల్లవారిలోనే తాము ఆఫ్రికానర్లం కాము, రిపబ్లిక్కుల వారసులైన బోయర్లం అనేవారున్నారు. ఈ గొడవలేవీ అంటని వాడుకలూ మిగిలాయి: కోయ్‌కోయ్ మందల నుంచి వచ్చిన ఎర్రపశువు జాతి ఆఫ్రికానర్, అడవి గ్లాడియోలస్ పువ్వు ఆఫ్రికానర్, మెక్సికో నుంచి వచ్చిన బంతిపువ్వు 'ఆఫ్రికానర్‌కీ'.

సొంత దేశపు చట్టంలో ఎన్నడూ వర్గంగా లేని ఈ పేరు 2025 ఫిబ్రవరిలో అమెరికా అధ్యక్షుడి ఉత్తర్వులోకి ఎక్కింది. ఆఫ్రికానర్లకు శరణార్థులుగా చోటిస్తామన్నది దాని సారం. ఆఫ్రికానర్ ఎవరన్నది ఉత్తర్వు వివరించలేదు. మే నెలలో తొలి బృందం చేరాక, అమెరికా దౌత్య కార్యాలయం అర్హతను ఆఫ్రికానర్ జాతివారికి గానీ, దక్షిణాఫ్రికాలోని మరే జాతి మైనారిటీకి గానీ అని విస్తరించింది. ఆఫ్రికానర్లకు మాత్రమే అని 1991లో ఏర్పరచుకున్న ఒరానియా ఊరివారు తమకు శరణార్థి హోదా వద్దన్నారు.