నిందితుడు నిర్దోషిగా బయటపడినా... బాధితులకు అప్పీలు హక్కు

తిరుపతి లీగల్: క్రిమినల్ కేసులో నిందితుడిని నిర్దోషిగా ప్రకటిస్తూ తీర్పు వెలువడగానే ‘కేసు కొట్టేశారు, ఇక చేసేదేమీ లేదు’ అనుకుని బాధితులు ఇంటిముఖం పడుతుంటారు. పైకోర్టుకు వెళ్లాలా, వద్దా అన్నది ప్రభుత్వం ఇష్టమేనన్న అభిప్రాయం పల్లెల్లో బలంగా ఉంది. పోలీసులు నమోదు చేసిన కేసుల వరకు 2009 చివరి దాకా ఆ అభిప్రాయం నిజమే. ఇప్పుడు ఆ పరిస్థితి లేదు. ప్రభుత్వం మిన్నకున్నా బాధితులే స్వయంగా అప్పీలు చేసుకోవచ్చు.

హక్కు ఎలా వచ్చింది?

నేర విచారణ స్మృతి 372వ సెక్షన్‌కు 2008 నాటి సవరణ చట్టం ద్వారా చేర్చిన నిబంధన 2009 డిసెంబరు 31 నుంచి అమల్లోకి వచ్చింది. 2024 జులై 1న ఆ స్మృతి స్థానంలో అమల్లోకి వచ్చిన భారతీయ నాగరిక్ సురక్షా సంహితలోనూ 413వ సెక్షన్ కింద ఇదే హక్కు కొనసాగుతోంది. నేరం వల్ల నష్టపోయిన లేదా గాయపడిన వ్యక్తితో పాటు సంరక్షకులు, చట్టబద్ధ వారసులు కూడా ‘బాధితుడు’ అన్న నిర్వచనం కిందకు వస్తారు. హత్య కేసుల్లో మృతుని భార్యాబిడ్డలకు ఇదే ఆధారం.

మూడు సందర్భాల్లో...

* నిందితుడిని నిర్దోషిగా విడుదల చేసినప్పుడు
* మోపిన నేరం కంటే తక్కువ నేరం కింద దోషిగా తేల్చినప్పుడు
* చాలీచాలని నష్టపరిహారం విధించినప్పుడు

శిక్ష తక్కువగా పడిందన్న కారణంతో మాత్రం బాధితులు ఈ నిబంధన కింద అప్పీలు చేయలేరని సుప్రీంకోర్టు 2020లో స్పష్టం చేసింది. శిక్ష పెంచాలని కోరే అప్పీలు ప్రభుత్వమే వేయాలి.

అనుమతి అక్కర్లేదు

నిర్దోషి తీర్పుపై హైకోర్టులో అప్పీలుకు ప్రభుత్వం ముందుగా ఆ కోర్టు అనుమతి పొందాలి. బాధితులకూ ఇది వర్తిస్తుందా అన్న సందేహం చాలాకాలం నలిగింది. కర్ణాటకలోని బాగల్‌కోట్‌కు చెందిన ఓ దాడి కేసులో 2018 అక్టోబరు 12న సుప్రీంకోర్టు ముగ్గురు న్యాయమూర్తుల ధర్మాసనం మెజారిటీ తీర్పుతో దీనికి తెరదించింది. బాధితులకు ప్రత్యేక అనుమతి అవసరం లేదని చెప్పింది. చెల్లని చెక్కుల కేసుల్లో ఫిర్యాదుదారు కూడా బాధితుడేనని, అనుమతి లేకుండానే అప్పీలు చేయవచ్చని 2025లో తీర్పునిచ్చింది.

ఏ కోర్టుకు?

మెజిస్ట్రేట్ కోర్టు తీర్పుపై సెషన్స్ కోర్టులో, సెషన్స్ కోర్టు తీర్పుపై అమరావతిలోని హైకోర్టులో అప్పీలు దాఖలు చేయాలి. హైకోర్టే నిర్దోషులుగా తేల్చితే రాజ్యాంగం 136వ అధికరణం కింద సుప్రీంకోర్టు ప్రత్యేక అనుమతి కోరాలి. 1991 ఆగస్టు 6న అప్పటి గుంటూరు జిల్లా చుండూరులో జరిగిన దళితుల ఊచకోత కేసులో ప్రత్యేక కోర్టు 2007లో 21 మందికి యావజ్జీవం, 35 మందికి ఏడాది జైలు విధించింది. 2014 ఏప్రిల్ 22న హైకోర్టు ఆ శిక్షలను కొట్టివేయడంతో బాధితులు సుప్రీంకోర్టు తలుపు తట్టాల్సి వచ్చింది.

జిల్లా అనుభవం

2013 డిసెంబరులో శేషాచలం అడవుల్లో ఎర్రచందనం దొంగల దాడిలో ఇద్దరు అటవీ అధికారులు బలయ్యారు. ఆ కేసులో వందల మంది తమిళనాడు కూలీలను అరెస్టు చేయగా, తిరుపతి కోర్టు 2016లో వారిని నిర్దోషులుగా విడిచిపెట్టింది. ఇలాంటి కేసుల్లో మృతుల వారసులు చట్టం దృష్టిలో బాధితులే. మరోవైపు, సాక్ష్యం లేకుండా ఏళ్ల తరబడి జైలులో మగ్గిన వారికి నిర్దోషి తీర్పే రక్షణ. అందుకే కింది కోర్టు విడుదల చేసిన వ్యక్తి నిర్దోషి అన్న భావన మరింత బలపడుతుందని సుప్రీంకోర్టు 2007లో పేర్కొంది. సాక్ష్యాలను బట్టి కింది కోర్టు అభిప్రాయం కూడా సమంజసమే అయినప్పుడు పైకోర్టు జోక్యం చేసుకోదు. కాబట్టి తీర్పు నచ్చలేదంటే చాలదు. ఏ సాక్ష్యాన్ని విస్మరించారో, ఎక్కడ చట్టాన్ని తప్పుగా అన్వయించారో అప్పీలులో చూపాలి.

జాప్యమే శత్రువు

ప్రభుత్వ అప్పీలుకు లిమిటేషన్ చట్టంలో 90 రోజుల గడువు ఉంది. బాధితుల అప్పీలుకు ఈ నిబంధనలో ప్రత్యేక గడువు పేర్కొనలేదు. అలాగని జాప్యం చేస్తే కారణాలు చూపుతూ మన్నింపు కోరాల్సి వస్తుంది. ఎస్సీ, ఎస్టీ అత్యాచార నిరోధక చట్టం కేసుల్లో మాత్రం హైకోర్టుకు 90 రోజుల్లోగా వెళ్లాలని చట్టమే చెబుతోంది. తీర్పు వచ్చిన వెంటనే ధ్రువీకృత నకలుకు దరఖాస్తు చేసుకోవడం మొదటి పని. నకలు సిద్ధం కావడానికి పట్టిన రోజులు గడువులో లెక్కకు రావు.

ఉచిత న్యాయ సహాయం

లాయరును పెట్టుకునే స్తోమత లేనివారు చిత్తూరు జిల్లా న్యాయ సేవాధికార సంస్థను లేదా మండల న్యాయ సేవా కమిటీలను సంప్రదించవచ్చు. మహిళలు, పిల్లలు, ఎస్సీ, ఎస్టీలు, దివ్యాంగులకు ఆదాయంతో నిమిత్తం లేకుండా ఉచిత సహాయం లభిస్తుంది. జాతీయ హెల్ప్‌లైన్ నంబరు 15100. తీర్పు నకలు, ఎఫ్‌ఐఆర్, అభియోగపత్రం ప్రతులు వెంట తీసుకెళితే పని సులువవుతుంది.